పసుపు గుడ్డ కింద ఇరవై మూడు నిమిషాలు

మా ఇంట్లో పని ముగిసిన ప్రతి వస్తువు మీదా ఒక గుడ్డ ఉంటుంది. కుట్టుమిషను మీద ఒకటి, మిక్సీ మీద ఒకటి, టీవీ మీద అంచుకు చిలకలు కుట్టినది ఒకటి. అన్నీ నేను కుట్టినవే. మా అమ్మ రేడియో మీద కప్పేది, నేను టీవీ మీద కప్పాను. గుడ్డ కప్పామంటే ఆ పూటకు దాని పని అయిపోయినట్టే. ఆ లెక్క నా అరవై ఎనిమిదేళ్లలో ఎన్నడూ తప్పలేదు. రెండేళ్ల కింద, శ్రావణానికి ఇంకా తొమ్మిది రోజులుందనగా, ఒక గురువారం నాడు తప్పింది.

నేను ముప్పై ఒక్క ఏళ్లు అంగన్‌వాడీ టీచర్‌గా పనిచేశాను. ఏ పిల్ల ఎన్ని కిలోలు, ఏ నెలలో ఎంత పెరిగింది, ఎన్ని గుడ్లు వచ్చినయి, ఎన్ని ఉడకబెట్టాం, అన్నీ రిజిస్టర్లలో ఎక్కించేదాన్ని. ఉద్యోగం అయిపోయినా ఆ చెయ్యి ఊరుకోలేదు. మిర్యాలగూడలో మా ఇంటి మేడ మీద గదిలో నా కోడలు చీరల లైవ్ మొదలుపెట్టినప్పుడు పుస్తకం పట్టుకొని పక్కన కూర్చునే పని నేనే అడిగి తీసుకున్నాను.

లైవ్ అంటే తెలియనివాళ్ల కోసం చెప్తాను. ఫోనును స్టాండుకు పెట్టి కోడలు దాని ఎదుట చీర విప్పి చూపిస్తుంది. చూసే ఆడవాళ్లు ఎక్కడెక్కడి నుంచో నంబరు రాసి పంపుతారు. ఒకే చీర ముగ్గురు అడిగితే ముందు అడిగినవాళ్లకే ఇయ్యాలి. ఆ తగువు తీర్చేది నా పుస్తకం. పదకొండు గంటల పద్నాలుగు నిమిషాలకు ఆకుపచ్చ చీర నేరేడుచర్ల ఆమె అడిగింది, పదిహేను నిమిషాలకు వాడపల్లి ఆమె అడిగింది అని రాసి ఉంటే ఇక మాట లేదు. నేను ఫోనుకు కనిపించకుండా గోడ పక్క పీట మీద కూర్చునేదాన్ని.

ఆ గురువారం లైవ్ పదకొండింటికి మొదలైంది. ఆ గదిలో మూడో మనిషి కూడా ఉంది. పాలకీడు నుంచి వచ్చిన ఒక కోడలుపిల్ల. ముప్పై రెండేళ్లుంటాయి. పుట్టిల్లు సూర్యాపేట, పెళ్లయి పదకొండేళ్లు, ఒక కూతురు. మా దగ్గర నాలుగుసార్లు చీరలు కొన్నది. ఫోనులో కొనడం కన్నా బస్సెక్కి వచ్చి కొనడమే ఆమెకు ఇష్టం. చీర ఒక సాకని నాకు రెండోసారికే అర్థమైంది. పూట గడుపుకోవడానికి వచ్చేది. లైవ్ నడుస్తుంటే చాప మీద చడీచప్పుడు లేకుండా కూర్చునేది.

పన్నెండుంబావు దాటగానే కింద పార్సిల్ ఆటో వచ్చి హారన్ కొట్టింది. ఆర్డర్లు తీసుకునే రెండో ఫోను చేతిలో పట్టుకొని కోడలు మెట్ల దాకా పోయి, అక్కడి నుంచే అన్నది:

"అత్తయ్యా, అందరికీ బై చెప్పేశాను. మీరు ఆపేయండి."

నా కోడలిది కోదాడ. అక్కడి మాట వేరు.

"నువ్వు పో, నేను జూసుకుంట," అన్నాను.

ఫోను దగ్గరికి పోయాను. ఎర్ర గుర్తు నొక్కాలని రెండుసార్లు చూపించి ఉన్నది. నొక్కాను. నిజంగా ముగించమంటావా అని ఫోను మళ్లీ అడుగుతుందనీ, రెండోసారి కూడా నొక్కాలనీ నాకు తెలియదు. కళ్లద్దాలు పుస్తకం మీద ఉన్నాయి. నొక్కాను కదా అని, ఆ స్టాండు కోసమే కుట్టిన పసుపు గుడ్డ ఫోను మీద కప్పాను. పుస్తకంలో రాశాను: పన్నెండూ ఇరవై, ఖతం.

ఆ పిల్ల అడిగింది. "ఖతమైందా అమ్మా?"

"ఖతమైంది. ఇగ మాట్లాడు బిడ్డా."

ఆ మాట నేనన్నాను. ఎవరూ నాతో అనిపించలేదు.

చాప మీద కాళ్లు చాపుకొని ఆమె మొదలుపెట్టింది. ఆమె దగ్గర ఒక విద్య ఉండేది. ఎవరి గొంతైనా దించేది. బస్సు కండక్టర్‌ది, బడి హెడ్మాస్టర్‌ది, ఆఖరుకు నాది కూడా. ఆ రోజు తన అత్తను పట్టింది.

"మొన్న ఆదివారం కోడికూర వండిన. అందరు తిన్నరు. నేను కూసున్న. ఒకసారి పెట్టుకున్న. ఆకలైతున్నది, రెండోసారి గంటె పట్టిన. అప్పుడంటది సూడు." అని గొంతు మార్చి, మెడ కొంచెం పక్కకు వాల్చి, తేనె పూసినట్టు అన్నది: "తిను బిడ్డా తిను. ఎట్లైనా కుక్కకేద్దామనుకున్న."

నేను నవ్వాను. మామూలుగా కాదు. పొట్ట పట్టుకొని, ఊపిరి ఆడక, ఆఖరున ఈల వేసినట్టు గాలి పీల్చుకుంటూ నవ్వాను. నా నవ్వు అట్లనే ఉంటుంది. చిన్నప్పటి నుంచీ అందరూ వెక్కిరించేవాళ్లు.

"మల్లొకసారి అను," అన్నాను.

ఆమె మళ్లీ అన్నది. నేను మళ్లీ నవ్వాను.

తర్వాత ఆమె తన గొంతుతోనే మాట్లాడింది. "పదకొండేండ్లాయె అమ్మా. ఆ ఇంట్ల ఎవ్వలు సూడకుంట నేను రెండోసారి అన్నం పెట్టుకున్న దినం లేదు. మా ఆయనకు ఎరుకే. తలకాయ వంచుకొని తింటడు. ఒక్కసారి తల లేపి, 'అమ్మా, ఊకో' అంటే సాలు. అనడు." ఇంకా చాలా చెప్పింది. రాత్రి నీళ్లు తాగి పడుకోవడం, కూతురు పళ్లెంలో మిగిలింది తినడం. నేను వింటూ ఆమె కొన్న చీర మడత పెడుతున్నాను. పసుపు గుడ్డ వైపు ఒక్కసారి కూడా చూడలేదు.

పన్నెండూ నలభై మూడుకు ఫోనులో ఛార్జింగ్ అయిపోయి లైవ్ ఆగింది. ఆ నలభై మూడు అనే అంకె నాకు మర్నాడు తెలిసింది.

శుక్రవారం పొద్దున ఏడింటికి కోదాడ నుంచి నా కోడలి పిన్ని ఫోను చేసింది. "మీ లైవ్ చివర ఎవరమ్మా ఆ మాట్లాడింది? ఏం నవ్వొచ్చిందే. నాలుగు గ్రూపుల్లో వచ్చింది అప్పుడే." కోడలు పేజీ తెరిచి చూసింది. లైవ్ దానంతట అదే అక్కడ దాచుకొని ఉంది. ఏడూ పదికి తీసేసింది. తీసేముందు ఇద్దరం అక్కడక్కడ చూశాం. బొమ్మ ఏమీ లేదు. గుడ్డ గుండా వచ్చిన కిటికీ వెలుతురు, పసుపుపచ్చగా, గాలికి కొంచెం కదులుతూ. ఆ వెలుగులోంచి మా మాటలు.

కింద రాతలు కూడా చదివాం. మొదట ఒకామె "మేడమ్, ఏమీ కనిపించట్లేదు" అని రాసింది. తర్వాత నవ్వే బొమ్మలు. తర్వాత ఎవరో రాశారు: "చెప్పకండి. విననివ్వండి." దాని కింద పదిహేడు మందికి నచ్చినట్టు గుర్తు ఉన్నది.

ఆఖరు దాకా ఉన్నవాళ్లు నలభై ఒక్క మంది. ఆర్డర్ల ఫోను నంబరు నలభై ఒక్క మందికీ తెలుసు. ఆ ఇరవై మూడు నిమిషాలూ ఆ ఫోను కింద కోడలి చేతిలోనే ఉంది. ఒక్కరూ చేయలేదు.

"ఆపేశారనుకున్నాను అత్తయ్యా," అన్నది కోడలు. అంతకన్నా ఒక్క మాట అనలేదు. తిట్టి ఉంటే బాగుండేది.

ఇరవై మూడు నిమిషాలు ఎవరికి కావాలి. ఎవరో దాన్ని ముప్పై ఎనిమిది సెకన్లకు కోశారు. అందులో నా "మాట్లాడు బిడ్డా", ఆమె "తిను బిడ్డా తిను", నా నవ్వు. నీళ్లు తాగి పడుకునే సంగతి లేదు. వారం తిరిగేసరికి ఆడపిల్లలు, మొగపిల్లలు, ముసలివాళ్లు ఆ గొంతుకు నోరు కదిలిస్తూ వీడియోలు తీశారు. ఒకాయన నిజంగానే కుక్కను పక్కన కూర్చోబెట్టుకున్నాడు. కోడలు చూపిస్తుంటే అరవై దాకా లెక్కపెట్టి ఇక చూపించొద్దన్నాను. అన్ని నోళ్లు కదులుతున్నాయి, గొంతు ఒక్కటే. నవ్వు దగ్గరికి రాగానే అందరూ పొట్ట పట్టుకుంటున్నారు. నేను పొట్ట పట్టుకున్నానని వాళ్లకెట్లా తెలిసిందో.

కోదాడ బస్టాండులో, కోడలి పుట్టింటి నుంచి తిరిగి వస్తూ, నా వెనక బెంచీ మీద నా నవ్వు వినబడింది. తిరిగి చూస్తే కాలేజీ పిల్లలిద్దరు. "అరె, ఆ ముసల్ది నవ్వుడే అసలు కామెడీ," అంటున్నాడు ఒకడు. ఇంకోడు మళ్లీ పెట్టాడు. నేను బస్సు వచ్చేదాకా కూర్చున్నాను. ఆరుసార్లు నవ్వాను.

మా చీరలు కొనడానికి మనుషులు వస్తూనే ఉన్నారు. వెనకటికన్నా ఎక్కువే వచ్చారు. ఒక్కొక్కరి మొహం చూస్తూ అనుకునేదాన్ని, ఆ నలభై ఒక్కరిలో నువ్వున్నవా. "ఏందమ్మా అట్ల సూస్తున్నవు?" అని ఒకామె అడిగింది. "రంగు నప్పుతదా అని," అన్నాను.

ఆ పిల్ల ఫోను ఎత్తలేదు. పన్నెండో రోజున సూర్యాపేట నుంచి ఆమె తల్లి చేసింది. భర్త తీసుకొచ్చి దించి పోయాడట. కూతుర్ని మాత్రం పాలకీడులోనే ఉంచుకున్నారు. పెద్దమనుషులు కూర్చున్నారు. అందరి ముందూ అత్తను అన్నది కాబట్టి అందరి ముందూ, ఫోనులోనే, మాఫీ అడగాలన్నారు. ఆ పిల్ల ఒప్పుకోలేదు. "చస్తే మళ్ల ఆ ఫోను ముందట మాట్లాడ," అన్నదట. ఒప్పుకోకపోతే బిడ్డ లేదు, ఇల్లు లేదు.

ఇది నేను తీర్చాల్సిన లెక్క అనుకున్నాను. మంగళవారం పొద్దున పుస్తకం సంచిలో వేసుకొని నేరేడుచర్ల దాకా బస్సులో, అక్కడి నుంచి ఆటోలో పాలకీడు పోయాను.

ఆ అత్త నాకన్నా రెండేళ్లు చిన్నది. సన్నగా, నిటారుగా ఉంది. వరండాలో మిరపకాయలకు తొడిమలు తీస్తున్నది. నేనెవరో చెప్పాను. ఆమె లేచి చేతులు కడుక్కొని, పీట వేసి పళ్లెం పెట్టింది. వద్దన్నాను.

"ఇంటికొచ్చినోల్లు తినకుంట పోతె దానికి గూడ వీడియో తీస్తరు. కూసో అక్కా."

అన్నం, దోసకాయ పప్పు. తిన్నాను. గిన్నె పట్టుకొని మళ్లీ వచ్చింది. గంటె అన్నంలో పెట్టి ఆగింది.

"ఇంకొంచెం పెట్టనా? ఏం మాట అని పెట్టాల్నో నువ్వే జెప్పు. నాకచ్చిన మాట ఒక్కటే, అది లోకమంత ఎరుకాయె."

నేను పుస్తకం తీశాను. పన్నెండూ ఇరవై, ఖతం అని రాసిన పేజీ చూపించాను. తప్పు నాదని, పిల్లకు ఏ పాపం తెలియదని, మాట్లాడమన్నదే నేనని చెప్పాను. ఆమెకు చదువు రాదు. అయినా పేజీ చేతిలోకి తీసుకొని చాలాసేపు చూసింది.

"గీ రాతలన్ని నాకెందుకు. నవ్విందెవలు?"

"నేనే."

"నువ్వేనా." పుస్తకం పీట పక్కన పెట్టింది. "కోడలన్నదానికి నాకేం లేదక్కా. ఏ ఇంట్లనైనా కోడండ్లు అంటరు. నేననలేదా మా అత్తను. కుక్కకేద్దామనుకున్న అనేది గూడ మా అత్త మాటనే. నన్ను అంటనే ఉండె. తినమని జెప్పుడంటె గట్లనే కావొచ్చు అనుకున్న నేను. ఇంకో తీరు నాకెవలు నేర్పలే." గిన్నె పక్కకు జరిపింది. "నా ఈడు మనిషి గట్ల నవ్వె. అదే నాకు రోజు ఇనబడుతది. పొద్దుగాల బోర్ దగ్గర మొగపిల్లలు పెడతరు. గడ్డికోస్తుంటె ఇనబడుతది. ఫోన్ లేకున్నా ఇనబడుతది."

నాకూ వినబడుతుందని చెప్పాలనుకున్నాను. చెప్పడానికి సిగ్గయింది.

"నీకు కోడలున్నదా?"

"ఉన్నది."

"అది నీ గురించి యాడ, ఎవలతోని, ఏమంటదో ఎరుకనా?"

ఎరుక లేదన్నాను.

"మరి," అన్నది. మిరపకాయల దగ్గరికి పోయి కూర్చున్నది. నేను చెయ్యి కడుక్కొని నిలబడ్డాను. ఎంతసేపు నిలబడ్డానో గడియారం చూడలేదు. చివరకు తలెత్తకుండానే అన్నది: "మాఫీ గీఫీ ఏమొద్దు. పిల్ల తల్లి కోసం ఏడుస్తున్నది. నేను పిలువ, నా కొడుకు పోడు. బంద్ జేసిన అని బంద్ చెయ్యనిదానివి నువ్వు. నువ్వే తోల్కరా."

గురువారం సూర్యాపేట పోయాను. ఆ పిల్ల పుట్టింటి వెనక గదిలో ఉంది. నన్ను చూసి కూర్చోమని చాప వేసింది. నేను మొదలుపెట్టేలోపే నా సంచి వైపు చూసింది. ఫోను ఇంట్లో పెట్టి వచ్చానని చెప్పాను. సంచి తీసుకొని బోర్లించింది. పుస్తకం, కళ్లద్దాలు, బస్సు టికెట్లు, రుమాలు. ఒక్కొక్కటి చూసి తిరిగి సర్దింది. అప్పుడు అన్నది, చాలా మెల్లగా:

"ఖతమైంది అంటివి గదమ్మా."

"అంటి."

మాఫీ అడగక్కర్లేదని, పిల్ల ఏడుస్తున్నదని చెప్పాను. బట్టలు సర్దుకున్నది. బస్సులో మూడు సీట్ల ముందు ఎవరి ఫోనులోనో ఏదో నవ్వు వినబడితే ఆమె నా చెయ్యి పట్టుకున్నది. అది మా నవ్వు కాదు, వేరే ఏదో. అయినా దిగేదాకా చెయ్యి వదల్లేదు. పాలకీడు ఇంటి ముందు ఆమె కూతురు పరుగెత్తుకొచ్చింది. అత్త వరండాలోంచి లేచి లోపలికి పోయింది. నేను మమ్మల్ని తెచ్చిన ఆటోలోనే తిరిగి వచ్చేశాను.

అప్పటి నుంచి మా ఇంట్లో లైవ్ ముగించే పని కోడలిదే. రెండుసార్లు నొక్కి, ఫోను పూర్తిగా ఆర్పి, నల్లగా ఉన్న అద్దం నాకు చూపిస్తుంది. పసుపు గుడ్డ ఇప్పుడు లేదు. నేను నవ్వొస్తే కొంగు అడ్డం పెట్టుకుంటున్నాను. "అత్తయ్యా, మీరు ఈమధ్య నవ్వట్లేదు," అని కోడలు ఒకసారి అన్నది. మెట్ల మీద ఆమె పుట్టింటివాళ్లతో ఫోనులో మాట్లాడుతూ నేను రాగానే గొంతు తగ్గిస్తే, వెనకట పట్టించుకునేదాన్ని కాదు. ఇప్పుడు ఎన్నిసార్లు తగ్గించిందో తెలుస్తూ ఉంటుంది.

పోయిన మాఘమాసంలో, ఒక సోమవారం, ఆ పిల్ల మళ్లీ వచ్చింది. ఏడాదిన్నర అయింది. చిక్కింది. ఆ రోజు లైవ్ లేదు. ఫోను స్టాండు ఖాళీగా ఉంది. అయినా ఆమె స్టాండు వైపు వీపు పెట్టి కూర్చున్నది. నేను నా ఫోనును పక్క గదిలో బియ్యం డబ్బాలో పెట్టి మూత బిగించి వచ్చాను. నవ్వుతుందేమోనని చూశాను. నవ్వలేదు. దగ్గరికి జరిగి చెవిలో చెప్పింది.

"ఇప్పుడు మా అత్త ఏమనదమ్మా. ఒక్క మాట అనదు. అన్నం నా ముందల పెట్టి, గోడకు ఆనుకొని కూసుంటది. సూస్తది. నేను గంటె పట్టంగనే ఇంట్ల అందరు ఆగుతరు. పిల్ల గూడ ఆగుతది. అగో, అంటదేమో అని." కొంగు చివర వేలికి చుట్టుకున్నది. "ఆ మాటే నయముండె. అదంటె నేను మనసుల నవ్వుకుందును. ఇప్పుడు ముద్ద దిగుతలేదు."

ఎవరి గొంతూ దించలేదు ఆ రోజు. అత్త సంగతి కూడా తన గొంతుతోనే చెప్పింది. వేరేవాళ్ల గొంతులు ఇక రావడం లేదట.

ఇదంతా ఒక పుస్తకంలో రాస్తున్నానని చెప్పాను. రాయొద్దంటే చింపేస్తానన్నాను. "రాయి. పేర్లు పెట్టకు. అందరు ముప్పై ఎనిమిది సెకన్లే ఇన్నరు గదా, మిగిలింది గూడ రాయి. నువ్వు నవ్వింది గూడ రాయి." అట్లనే రాశాను.

మధ్యాహ్నమైంది. అన్నం వండి, కోడికూర చేసి వంటింట్లోనే పెట్టాను. మొదటిసారి పెట్టింది తిన్నది. రెండోసారి వడ్డించబోయి, గంటె పట్టుకొని, నేనూ ఆగిపోయాను. ఏమన్నా ఆ మాటే అవుతుంది. ఏమీ అనకపోతే ఆ చూపే అవుతుంది. ముప్పై ఒక్క ఏళ్లు పిల్లలకు గంటెతో కొలిచి వడ్డించిన చెయ్యి నాది. ఎవరు ఎంత తిన్నారో చూడటమే నా పని.

అన్నం గిన్నె, కూర గిన్నె ఆమె ముందు పెట్టాను. బయటికి వచ్చి తలుపు దగ్గరికి వేశాను. కోడలు మెట్లెక్కి వస్తుంటే చెయ్యి అడ్డం పెట్టి ఆపాను. ఏమిటని సైగ చేసింది. ఊరుకోమన్నాను. ఇద్దరం మెట్ల మీద కూర్చున్నాం. లోపల గంటె చప్పుడు వినబడుతుందేమోనని, నేనే కింద కొళాయి విప్పి వచ్చాను.

ఆమె తలుపు తీసేసరికి రెండు గిన్నెలూ కడిగి బోర్లించి ఉన్నాయి. ఎంత తిన్నదో నేను అడగలేదు.